కోతి ఎవరి వైపు చుట్టం?

ఆ రోజుల్లో నాకు తెలియని సంగతంటూ లోకంలో ఏదీ ఉండేది కాదు. ఇప్పుడు చాలా ఉన్నాయి. వయసుతో పాటు పొట్ట పెరిగినట్టే ఆ జాబితా కూడా పెరుగుతూ వచ్చింది. కానీ ఇరవై నాలుగేళ్ల వయసులో, బీయస్సీ బీయీడీ కాగితాలు చంకన పెట్టుకుని, మెడకు మఫ్లరు చుట్టుకుని (చుట్టింది మా అమ్మ, ఏజెన్సీ చలికి కొడుకు గడ్డకట్టుకుపోతాడని) అరకులోయలో కిరండూల్ రైలు దిగిన రోజున మాత్రం, "తెలియదు" అన్న మాట మాస్టరు నోటి వెంట రాకూడదనీ, వస్తే మొదట పరువు, ఆ వెనకే ఉద్యోగం పోతాయనీ గట్టిగా నమ్మేవాణ్ణి. మొన్న పేపర్లో, ఏదో పదో తరగతి పుస్తకంలోంచి జీవపరిణామం పాఠం తీసేశారనీ, ఉండాలని కొందరు, అక్కర్లేదని కొందరు వాదించుకుంటున్నారనీ చదివాను. సాయంత్రం టీవీలో ఒకాయన "మా తాత కోతి కాదు" అని బల్ల గుద్ది మరీ చెబుతున్నాడు. (ఆ గుద్దడం చూస్తే నాకు అనుమానం వచ్చింది గానీ, పోనీలెండి.) మా ఆవిడ చానెల్ మార్చేసింది. నా మనసు మాత్రం ఆ కొండల్లోకి వెళ్లి కూర్చుంది. ఎందుకంటే ఈ తగువు నేనొకసారి దగ్గరుండి విన్నాను. అక్కడ తీర్పు కూడా వచ్చింది. నేను పది చెబితే రెండు నమ్మండని నా శ్రేయోభిలాషులు ఊరంతా ప్రచారం చేస్తుంటారు. ఈ ఒక్కదాంట్లో మీరు ఎనిమిదైనా నమ్మాలి.

అరకు నుంచి ముంచింగిపుట్టు పోయే బస్సు మధ్యలో ఒక మలుపులో దింపేస్తే, అక్కణ్ణుంచి గంట నడకలో ఉండేది మా ఆశ్రమ హైస్కూలు. దానికి అధిపతి మా హెడ్మాస్టారు. ఆయన్ని మేమంతా చాటున "సర్క్యులర్ గారు" అనేవాళ్లం. వాన వచ్చేట్టుంది, పిల్లల్ని లోపలికి పిలుద్దామండీ అన్నా, "సర్క్యులర్ ఏమైనా వచ్చిందా?" అని అడిగేవారు. ఇక నేను సైన్సు మాస్టర్ని. పిల్లలు ఏం అడిగినా జవాబు క్షణాల్లో చెప్పేవాణ్ణి. తెల్లారేసరికి మబ్బులు లోయలోకి ఎందుకు దిగుతాయి సార్ అంటే, రాత్రంతా కొండల మీద నిలబడి వాటికి కాళ్లు పీకుతాయి, కాసేపు కూర్చోవడానికి దిగుతాయి అనేవాణ్ణి. కాఫీ తోటంతా ఒక్కసారే తెల్లగా ఎందుకు పూస్తుందంటే, మొక్కలకు కూడా యూనిఫాం ఉందనేవాణ్ణి. పిల్లలు నవ్వేవారు, నమ్మేవారు. ఒక్క అమ్మాయి తప్ప. పదో తరగతిలో ముందు బెంచీలో కూర్చునే ఆ పిల్ల, నేను ఏ వాక్యం ముగించినా "ఎందుకు సార్?" అనేది. అందుకే దానికి "ఎందుకమ్మ" అని పేరు పెట్టాను. ఒకరోజు నోట్సులు దిద్దుతుంటే దాని పుస్తకం చేతికొచ్చింది. పేజీ మధ్యలో నిలువుగా గీత కొట్టి, ఎడమ పక్క "సారు చెప్పింది", కుడి పక్క "నిజం" అని రాసుకుంది. నా మబ్బుల కాళ్లు ఎడమ పక్క భద్రంగా ఉన్నాయి. దిద్దకుండానే పుస్తకం మూసేశాను.

కథ ముందుకు సాగాలంటే ఆ కొండల్లోని ఒక సంగతి మీకు చెప్పాలి. అక్కడ ఒక్కో వంశానికి ఒక్కో జీవి పెద్ద దిక్కు. పులి వాళ్లు, గద్ద వాళ్లు, పాము వాళ్లు, చేప వాళ్లు, కోతి వాళ్లు. పులి వాళ్లు పులికి హాని తలపెట్టరు, అది తమ రక్తమే అంటారు. అంతకంటే ముఖ్యం, పులి వాళ్ల పిల్లను పులి వాళ్లకివ్వరు. ఎంత దూరపు ఊరి వాళ్లైనా వరసకు అన్నాచెల్లెళ్లే. మన పల్లపు ప్రాంతంలో సగోత్రం పనికిరాదంటామే, అదే పద్ధతి. మనం ఋషుల పేర్లు చెప్పుకుంటాం, వాళ్లు జీవుల పేర్లు చెప్పుకుంటారు. (ఏది ఎక్కువ నమ్మదగ్గదంటే నేను చెప్పలేను. ఋషిని ఇంతవరకూ చూడలేదు. గద్ద మాత్రం రోజూ మా స్కూలు మీదే తిరిగేది.)

వలిసె పూలు కొండవాలంతా పసుపు పూసినట్టున్న రోజుల్లో మా సిలబస్ జీవపరిణామం దగ్గరికి చేరింది. సర్క్యులర్ గారు నన్ను పిలిచి, "ఆ పాఠం వదిలెయ్యవోయ్. మూడు మార్కులు. నీ ముందున్న మాస్టరూ వదిలేశాడు, అతని ముందున్నాయనా వదిలేశాడు. అనవసరంగా జనం మనోభావాలతో మనకెందుకు?" అన్నారు. వదిలెయ్యమన్న తరవాత వదిలేస్తే అది యవ్వనం ఎలా అవుతుంది? మర్నాడు బోర్డు మీద ఒక పక్క నుంచి కోతిని, దాని ముందు కొంచెం వంగిన దాన్ని, దాని ముందు ఇంకొంచెం నిటారైన దాన్ని, చివర్న మనిషిని వరసగా నడిపించాను. (అలా గీయడం తప్పని తరవాతెప్పుడో తెలిసింది. ఇప్పటి కోతి మన తాత కాదు, కోతికీ మనకీ ఎక్కడో వెనక ఒకే ముత్తాత ఉన్నాడంతే. ఇంకో తప్పేమిటంటే, మూడో బొమ్మకు నడుము మీద చేతులు పెట్టాను. నా ఉద్దేశం కాకపోయినా అది అచ్చం సర్క్యులర్ గారిలా వచ్చింది. క్లాసంతా గొల్లుమంది.)

ఇక నాకు పూనకం వచ్చింది. ఓడెక్కి ఐదేళ్లు లోకం చుట్టొచ్చిన గడ్డం దొర కథ ఎత్తుకున్నాను. పిట్టల ముక్కులు, తాబేళ్ల డిప్పలు చూసి చూసి ఆయనకీ ఆలోచన వచ్చిందనీ, జనం ఏమంటారోనన్న బెంగతో రాసిన కాగితాలు ఏళ్ల తరబడి దాచుకున్నాడనీ, చివరికి బయట పెట్టాక ఒక నిండు సభలో ఓ మతపెద్ద లేచి, దొర తరఫున మాట్లాడే ఆయన్ని "కోతి మీకు తాత వైపు నుంచి చుట్టమా, మామ్మ వైపు నుంచా?" అని వెక్కిరించాడనీ అభినయించి చూపించాను. (ఆ మాట నిజంగా అన్నాడో లేదో చరిత్ర రాసేవాళ్లు ఇప్పటికీ గట్టిగా చెప్పలేరట. నాలాంటివాడెవడో అందులో చెయ్యి పెట్టాడని నా అనుమానం.) అంతా అయ్యాక, పిల్లలు అదిరిపోతారు, ఏడుస్తారు, తిరగబడతారు అని ఎదురుచూశాను. ఎవరూ అదరలేదు. వెనక బెంచీలో కోతి వాళ్ల పిల్లాడొకడు లేచి, కాలరు సర్దుకుని, "మా వంశమే సార్!" అని కూర్చున్నాడు. మిగతావాళ్లు వాడి వంక అసూయగా చూశారు. అంతే.

అప్పుడు ఎందుకమ్మ లేచింది. అది పులి వాళ్ల పిల్ల. "పులోళ్లు కూడా అందులోంచే వచ్చినారా సార్?"

"పులి వాళ్లు, పాము వాళ్లు, నేను, హెడ్మాస్టారు, కలెక్టరు గారు, అందరం! అందరిదీ ఒకే వంశం! ఒకే రక్తం! ఒక్క ఇంటి బిడ్డలం!"

"గద్దోళ్లూనా సార్?"

"ముఖ్యంగా గద్ద వాళ్లు!" అన్నాను. (ముఖ్యంగా అని ఎందుకన్నానో నాకు తెలియదు. జోరులో ఉన్నప్పుడు అలాంటి మాటలు వాటంతటవే దొర్లుతాయి.)

ఆ పిల్ల మొట్టమొదటిసారి "ఎందుకు" అనలేదు. పుస్తకంలో ఏదో రాసుకుని, దాని కింద రెండు గీతలు గీసుకుంది. ఏ పక్క రాసిందో నాకు కనబడలేదు.

నాలుగు రోజులు పోయాక ఐదుగురు మనుషులు చేతికర్రలతో స్కూలుకొచ్చారు. ముందున్న పెద్దాయన గద్ద వాళ్ల ఊరి మనిషి. వెనక ఎందుకమ్మ తండ్రి నేల చూపులు చూస్తూ నిలబడ్డాడు. "ఏటి సారూ, మా పెళ్లి సెడగొట్టీసినారు?" అన్నాడు పెద్దాయన.

"నేనా? నేను సైన్సు మాస్టర్నండి."

"ఆ సైన్సే సెడగొట్టినాది."

తీరిగ్గా అడిగితే సంగతి బయటపడింది. ఎందుకమ్మని ఈ పెద్దాయన కొడుక్కి అడిగారు. అడగడమంటే అక్కడ జీలుగు కల్లు కుండ పట్టుకుని పిల్ల ఇంటికి రావడం. పిల్ల వైపు వాళ్లు ఆ కల్లు తాగితే మాట ఖాయమైనట్టు. తాగేశారు. కోతలయ్యాక, పది పరీక్షలకు ముందే పెళ్లి. పిల్ల ఏడవలేదు, అలగలేదు. నోట్సు తెచ్చి అందరి ముందూ చదివింది: "అందరిదీ ఒకే వంశం. ఒకే రక్తం. ముఖ్యంగా గద్ద వాళ్లు." అంటే ఆ గుంటడు నాకు అన్న అవుతాడు, అన్నకి ఎలగ ఇత్తారు అని అడిగిందట. అక్కడ వరస తప్పిన పెళ్లంటే మామూలు తప్పు కాదు. సంతకు పోయే తోవలో ఊరంతా అదే మాట. మర్నాడు పెద్దలు కూర్చుంటున్నారు, సారు వచ్చి ముఖాముఖీ చెప్పాలి.

సర్క్యులర్ గారు నన్ను గదిలోకి లాక్కెళ్లి తలుపు వేశారు. "నీ ప్రొబేషన్ ఇంకా పూర్తి కాలేదు. వెళ్లి ఆ పాఠం తప్పని చెప్పేసి రా."

"పుస్తకంలో ఉంది కదండీ."

"పుస్తకంలో ఉన్నదాన్ని నమ్మించమని సర్క్యులర్ ఉందా?"

నా దగ్గర లేదు. ఆ రోజు వరకు నేను అబద్ధాలు సరదాకి ఆడేవాణ్ణి. ఉద్యోగం కోసం ఆడవలసి రావడం అదే మొదలు. వెళ్లేదారి పొడుగునా, వలిసె చేల మధ్య నడుస్తూ, "అదొక పొరపాటండీ, అచ్చు వేసేవాళ్లు చేశారండీ" అని గొంతు సవరించుకుంటూ సాధన చేశాను. పాఠం తప్పని చెబితే ఆ పిల్ల పరీక్షకు రాదు. చెప్పకపోతే నేను స్కూల్లో ఉండను. మఫ్లరు చలికి కాదు, చెమట తుడుచుకోవడానికి పనికొచ్చింది.

ఊరి మధ్య పెద్దలు కూర్చునే రాతి పలకల మీద జనం నిండిపోయి ఉన్నారు. నడిమి పలక మీద ఎందుకమ్మ తాత. ఆయన్ని ఊరంతా పులి తాత అంటారు. పక్కనే నేల మీద ఆయన భార్య మామ్మ, చుట్ట నిప్పు వైపు నోట్లో పెట్టుకుని అడ్డపొగ పీలుస్తూ. (ఆవిడ పుట్టింటి వాళ్లు పాము వాళ్లు. ఆ ఇంట్లో పులి ఎవరో, పాము ఎవరో ఐదు నిమిషాలు కూర్చుంటే ఎవరికైనా తెలుస్తుంది.) నేను లేచి, "అది... పుస్తకంలో..." అని మొదలు పెట్టాను. ఎదురుగా ఎందుకమ్మ నోట్సు తెరిచి, పెన్సిలు పట్టుకుని ఉంది. నేను ఏం చెబుతానో, ఏ పక్క రాయాలో చూస్తోంది. అచ్చు వేసేవాళ్ల పొరపాటును అక్కడే వదిలేశాను.

పులి తాత చెయ్యెత్తాడు. "కూకోండి సారూ. కోతి మనకి సుట్టమన్నారు. ఒప్పుకున్నాం. మావు పులికి సుట్టాలమని తాతల కాడ్నుంచి సెప్పుకుంతన్నాం, మాకిది కొత్త కాదు. మీ పల్లపోళ్లకి ఇప్పుడు తెలిసినట్టుంది. తగువు అది కాదు." ఆయన ముందుకు వంగాడు. "ఆ కోతి నాన్న వైపా, అమ్మ వైపా? అది సెప్పండి."

సముద్రాల అవతల ఒక సభలో వెక్కిరింతగా పుట్టిన ప్రశ్న, ఇక్కడ ఈ రాతి పలకల మీద జవాబు కావాలని కూర్చుంది. అమ్మ వైపు అంటే మేనరికం, పెళ్లి నిక్షేపంగా జరిగిపోతుంది. నాన్న వైపు అంటే అన్నాచెల్లెళ్లు, పెళ్లి ఆగిపోతుంది.

"అమ్మ వైపే అయ్యుంటాది," అన్నాడు గద్ద వాళ్ల పెద్దాయన ఆశగా.

"నాన్న వైపు అయితేనో?" అంది మామ్మ చుట్ట తీసి. ఆవిడ మొగుడి వైపు తిరిగింది. "ఏటి ముసిలోడా, అయితే ఇన్నాళ్లూ నాను చోడి అంబలి కాసి పోసింది నా తమ్ముడికా?"

"తమ్ముడేటే? నీకన్నా పెద్దోణ్ణి!"

"అన్నవే అనుకో. అన్న అయితే మట్టుకు బాగుంతాదేటి?"

జనంలో కలకలం పుట్టింది. ఒకాయన పెళ్లాం పక్కనుంచి మెల్లగా రెండడుగులు జరగడం నా కళ్లారా చూశాను. ఆవిడ, "జరుగు జరుగు, అలగే పోయి పాకలో పడుకో," అంది. నా నాలుక మీద అప్పటికే ఒక కథ తయారైపోయింది. ఆ కోతికి ఇద్దరు భార్యలనీ, పెద్ద భార్య సంతానం కొండ మీదకీ చిన్న భార్య సంతానం... ఇంకొక్క క్షణం ఆగితే ఆ కోతికి మామగారిని కూడా పుట్టించేవాణ్ణి. అంతలో ఎందుకమ్మ ఎండు ఆనపకాయ బుర్రతో అంబలి తెచ్చి నా చేతికిస్తూ, వంగి, నాకు మాత్రమే వినబడేలా అంది: "సార్, ఈ ఒక్కసారికీ తెలీదని సెప్పండి సార్."

అంబలి గుటక వేశాను. దానితో పాటు కోతినీ, దాని ఇద్దరు భార్యల్నీ మింగేశాను. "తెలియదు," అన్నాను.

"సారుకే తెలీదా?" అన్నాడు గద్ద వాళ్ల పెద్దాయన.

"తెలియదు. మా పుస్తకంలో కూడా లేదు."

(రెండు వైపులా అన్నది ఆ తరవాతెప్పుడో బస్సులో తట్టిన జవాబు. ఆ పూట తట్టకపోవడం నా అదృష్టం, ఆ లోయలోని దంపతులందరి అదృష్టం.)

"మరి ఎవులికి తెలుస్తాది?" అన్నాడు తాత.

"పది పాసైపోయి, ఇంటర్లో బైపీసీ సదివి, డిగ్రీ సదవాల తాతా," అంది ఎందుకమ్మ నోట్సు మూసి. "అందులో ఉంతాదంట. నాను సదివొచ్చి సెప్తాను."

"అన్నేళ్లు మా గుంటడు కూకోవాలా?" పెద్దాయన లేచాడు.

"అన్నో మొగుడో తేలకుండా సేసీసి, ఆ తప్పు నీ నెత్తిన ఎట్టుకుంతావేటి?" అన్నాడు తాత శాంతంగా. "వరస తేలేదాకా ఈ పెళ్లి నేదు. మీ గుంటడికి ఇంకో పిల్లని సూసుకోండి."

"ఇంకో పిల్లయితే సెల్లెలు కాదేటి?"

మంచి ప్రశ్నే. జనమంతా తాత వైపు చూశారు. తాత చుట్ట పుచ్చుకుని, వెలిగించి, రెండు పీల్పులు పీల్చేదాకా ఆ ఊళ్లో కోడి కూడా కూయలేదు. "అడిగినోళ్ల పెళ్లే ఆగుతాది," అన్నాడు. "అడగనోళ్లకి పాత వరసే."

"అయితే నానూ అడుగుతాను," అంది మామ్మ.

"నీది దాటిపోనాది. కూకో."

"మరి తాగీసిన కల్లు?" పెద్దాయన చివరి బాణం వేశాడు.

"తప్పు నీది కాదు, మాది కాదు. తగువు తెచ్చింది కోతి. కోతి తరపున వచ్చినాయన ఇచ్చుకుంతాడు." అందరి తలలూ నా వైపు తిరిగాయి. కోతి వంశపు రాయబారిగా ఒక కల్లు కుండ, ఒక కోడిపుంజు సమర్పించుకున్నాను. పుంజును నేనే పట్టాలన్నారు. మఫ్లరు కట్టుకున్న సైన్సు మాస్టరు రాతి పలకల చుట్టూ పుంజు వెంట పరిగెత్తిన ఆ దృశ్యాన్ని నేను వర్ణించను. నాతో పాటు మా స్కూలు పేరు కూడా పోతుంది. ఆ రోజు నుంచి ఆ కొండల్లో నా పేరు కోతి మాస్టారు.

సాయంత్రం పులి తాత నన్ను ఊరి కింద పారే గెడ్డ దాకా సాగనంపాడు. దారిలో, "పులి బిడ్డలమని సెప్పుకుంతాం గానీ సారూ, పులి కనిపిత్తే మేవే ముందు పరిగెడతాం," అని నవ్వాడు. తరవాత నవ్వు ఆపి, "ఇచ్చిన మాట నాను తప్పలేను. కల్లు తాగింది నానే. మా గుంట సదువుకోవాలని నాను సెప్తే మాట తప్పినట్టు. కోతి సెప్తే ఎవులేటంతారు?" అన్నాడు. నేను నీళ్లలో రాయి మీద కాలు జారి ఆయన భుజం పట్టుకున్నాను. ఆ రోజు నేను పట్టుకున్నవాటిలో పుంజు కంటే అదే గట్టిది.

స్కూలుకు చేరేసరికి సర్క్యులర్ గారు గేటు దగ్గరే ఉన్నారు. "తప్పని చెప్పావా?"

"తెలియదని చెప్పానండి."

ఆయన ముఖం వికసించింది. "శభాష్! అది ఇంకా మంచిది. దానికి సర్క్యులర్ కూడా అక్కర్లేదు."

ఎందుకమ్మ ఆ వేసవిలో పది పాసైంది. మరుసటి ఏడు నాకు పల్లానికి బదిలీ అయింది. ఆ తరవాత ఎన్నో క్లాసులు, ఎన్నో మబ్బుల కాళ్లు. కిందటి చలికాలం మా ఆవిడ అరకు చూస్తానంటే తీసుకెళ్లాను. (చలికి తట్టుకోలేనని నాకు మఫ్లరు చుట్టింది. చుట్టేవాళ్లు మారారు, మెడ అదే.) సంతలో చింతపండు బేరం చేస్తుంటే వెనక నుంచి, "కోతి మాస్టారూ!" అని పిలుపు. నలభై దాటిన మనిషి, కళ్లజోడు, స్వెట్టరు, చేతిలో కాగితాల సంచీ. కాలేజీలో జంతుశాస్త్రం చెబుతోందట. ఆ పాఠం వాళ్ల పుస్తకంలో ఉందట, ఏటా మొదట అదే చెబుతుందట. తాత, మామ్మ ఇద్దరూ పోయారని చెప్పింది. తరవాత ఇన్నేళ్లుగా నా లోపల కూర్చున్న ప్రశ్న బయటికొచ్చేసింది.

"తేలిందా అమ్మా చివరికి? నాన్న వైపా, అమ్మ వైపా?"

"డిగ్రీ మొదటేడులోనే తేలిపోయింది సార్."

"మరి ఊళ్లో చెప్పావా?"

ఎందుకమ్మ అటూ ఇటూ చూసి గొంతు తగ్గించింది. "ఎలా చెబుతాను సార్? పోయినేడు మా అన్న కూతురికి పెళ్లి కుదిర్చితే అదీ ఇదే అడిగింది. అంతకు ముందేడు గద్దోళ్ల పిల్లే అడిగింది. అడిగినోళ్ల పెళ్లి ఆగుతుందని తాత చెప్పిన మాట అలాగే ఉంది కదా. పెద్దలు నా దగ్గరికే వస్తారు, తేలిందేటమ్మా అని. ఇంకా తెలీదు, సదువుతున్నానని చెబుతాను." చింతపండు నా సంచీలో వేసి నవ్వింది. "మీ దగ్గరే నేర్చుకున్నాను సార్."

తిరుగు ప్రయాణంలో బస్సు ఘాట్ రోడ్డు దిగుతోంది. చెప్పడానికి నా దగ్గర జీవితంలో మొదటిసారి కల్తీ లేని కథ ఒకటుంది. కానీ ఎక్కడ మొదలు పెట్టాలో తోచలేదు. పొగమంచు పట్టిన అద్దంలో, మెడకు మఫ్లరు చుట్టుకుని, లోకమంతా తెలుసన్న ధీమాతో ఒక కుర్రాడు నా వైపు చూస్తున్నట్టనిపించింది. మలుపు తిరిగేసరికి అద్దంలో నెరిసిన గడ్డం ఒక్కటే మిగిలింది. "ఆ మేడమ్ మీ దగ్గర నేర్చుకున్నానంటోంది," అంది మా ఆవిడ అనుమానంగా. "మీరు ఆవిడకి నేర్పిందేమిటి?"

చాలాసేపు ఆలోచించి, "తెలియదు," అన్నాను.